కిటికీలో కూర్చున్న మేస్త్రి

మేస్త్రి భార్య గిన్నెలు తోముతోంది.

నత్త వంటింటి గుమ్మం పక్కన పీట వేసుకుని కూర్చుని పావుగంటయింది. ఒక్క ప్రశ్న కూడా అడగలేదు. ఆవిడ పీచు తడిపి, బూడిద అద్ది, గిన్నె అంచు వెంట గుండ్రంగా రుద్దుతుంటే చూస్తున్నాడు. ఎడమచెయ్యి గిన్నెను తిప్పుతోంది, కుడిచెయ్యి రుద్దుతోంది. నిన్న ఇదే పీట మీద కూర్చుని ఆవిడ చిరిగిన దుప్పటి కుట్టడం చూశాడు. అంతకు ముందురోజు కూర తరగడం చూశాడు. సూదీ, కత్తీ, పీచూ మూడూ కుడిచేతివే.

న్యాయాధికారి కచేరీలో అతనికి పేరూ, విచారణాధికారి హోదా ఉన్నాయి గానీ ఊళ్ళో ఎవరికీ వాటితో పని లేదు. గదిలో అడుగుపెడితే నాలుగు గోడలూ తడిమి గానీ బయటికి రాడని ‘నత్త’ అన్నారు. మొదట్లో వెనక అనేవాళ్ళు, తరవాత మొహం మీదే అన్నారు. ఇప్పుడు మర్యాదగా ‘నత్తగారు’ అంటున్నారు.

ఈసారి మాత్రం నత్తకు పాకడానికి వ్యవధి లేదు. మూడు రోజుల కిందట పొద్దున ఏడింటికి ఏటి ఒడ్డున ముద్రల మేస్త్రి కోటూ బూట్లూ దొరికాయి. కోటు మీద నెత్తురుంది. మేస్త్రి లేడు. ఈ గిన్నెలు తోముతున్నావిడ తమ్ముడు ఆ తెల్లవారుజామున ఐదింటికి చంకలో మూటతో ఏటివైపు వెళుతుంటే ఇద్దరు చూశారు. ముందురోజు సాయంత్రం ఈ ఇంట్లో అతని అరుపులు వీధంతా విన్నది. అతని అరచేతిలో తెగిన గాయం ఉంది. ఎలా తెగిందంటే చెప్పడు. ఇవాళ పన్నెండు గంటలకు న్యాయాధికారి అతని ఉరి ఆజ్ఞ మీద ముద్ర వేస్తాడు. ఇప్పుడు తొమ్మిదిన్నర.

“అమ్మా, మేస్త్రిగారు ఆ ముందురోజు సాయంత్రం ఎన్నింటిదాకా పనిలో ఉన్నారు?”

“ఆరింటికి కిటికీ మూసేదాకా.”

“అప్పుడు మీరెక్కడున్నారు?”

“అక్కడే.”

“ఆయన పక్కనా?”

చెయ్యి ఒక్క క్షణం ఆగి మళ్ళీ తిరిగింది. “అక్కడే ఉన్నానని చెప్పాను కదండీ.”

“మీ తమ్ముడికి ఆయనతో గొడవేమిటి?”

“ఆయనతో గొడవేం లేదు.”

“మరి ఎవరి మీద అరిచాడు?”

“నా మీద.”

“ఎందుకు?”

ఆవిడ గిన్నె కడిగి బోర్లించింది. “ఆ ఒక్కటీ అడక్కండి, అయ్యా. మిగతావి ఎన్నైనా అడగండి.”

మూడు రోజులుగా ఇదే వరస. అడిగినదానికి జవాబు వస్తుంది. జవాబులో అబద్ధం వాసన రాదు. అయినా ఏదో మిగిలిపోతుంది, గిన్నె అడుగున అంటుకున్న మాడులాగా. నత్త లేచి మోకాళ్ళు సర్దుకుని పనిగదిలోకి నడిచాడు.

పనిగది సన్నగా, పొడుగ్గా ఉంటుంది. వీధివైపు ఒకటే కిటికీ. దానికి ఆనించి పనిబల్ల. వీధిలో పోయేవాళ్ళకు మేస్త్రి టోపీ, లావాటి కళ్ళద్దాలు, మెడ చుట్టూ ముక్కుదాకా చుట్టిన ఉన్నిగుడ్డ, కోటు భుజాలు మాత్రమే కనబడేవి. పన్నెండేళ్ళ కిందట గొంతుకు జబ్బు చేసి ఆయన మాట పోయింది. అప్పట్నించీ గిరాకీలు కిటికీ కింది సందులోంచి చీటీ తోసేవాళ్ళు. పని పూర్తయ్యాక అదే సందులోంచి ముద్ర బయటికి వచ్చేది. అలాంటి ముద్రలు ఈ చుట్టుపక్కల ఇంకెవరూ చెక్కలేరు. పెళ్ళి ఒప్పందాలకూ, ఇంటి పత్రాలకూ, వీలునామాలకూ ఆయన చెక్కిన రాయే లక్క మీద దిగాలి.

నత్త ముందు పైకప్పు చూశాడు. దీపం మసి రెండుచోట్ల ఉంది. పనిబల్లకు ఎడమవైపు ఒకటి. పాతది, వెలిసిపోయింది, దాని మీద సాలెగూడు కూడా కట్టింది. కుడివైపు ఇంకొకటి. నల్లగా, తాజాగా ఉంది.

తరవాత బల్ల. చేతికింది వరసలో పదహారు సన్న ఉలులు. చెక్కపిడులు అరచేతి ఒరిపిడికి గాజులా నున్నబడ్డాయి. ఒక్కొక్కటీ తీసి పట్టుకున్నాడు. ఏదీ చేతిలో కుదరలేదు. పిడి మీద బొటనవేలు పడే గుంట అటువైపుంది. ఎడమచేతిలోకి మార్చుకుంటే మాత్రం తాళంచెవి తాళంలో పడ్డట్టు కుదిరింది. బల్ల సొరుగు లాగాడు. వెనక మూలన నూనెగుడ్డలో చుట్టి ఇంకో నాలుగు ఉలులున్నాయి. అవి కుడిచేతికి కుదిరాయి.

సొరుగులో మడతపెట్టిన కాగితం కూడా దొరికింది. ముద్రకారుల సంఘం తాఖీదు. ఇంకో వారంలో మేస్త్రులందరూ స్వయంగా సంఘం భవనానికి రావాలి, మొహం మీద ఏ ఆచ్ఛాదనా లేకుండా ముగ్గురు పెద్దల ఎదుట కూర్చుని చెక్కి చూపించాలి.

చివరికి నేల చూశాడు. పనిబల్లకు అవతలివైపు, మేస్త్రి పీటకు సరిగ్గా ఎదురుగా ఇంకో చిన్న పీట ఉంది. దాని ముందు నేల మీద రెండు గుంటలు. ఎవరో ఏళ్ళ తరబడి మడమలు ఆనించి కదలకుండా కూర్చుంటే తప్ప నేల అలా అరగదు. నత్త వంగి జేనతో కొలిచాడు. చిన్న మడమలు.

వీధి తలుపు దడాలున తెరుచుకుంది.

“ఏం నత్తగారూ, గోడ ఎక్కారా, ఇంకా కిందే పాకుతున్నారా?”

గస్తీ దళపతిని ఊరంతా ఉరుమంటారు. అతను గుసగుసలాడినా రెండిళ్ళ అవతలికి వినబడుతుంది. ఈ బావమరిదిని పట్టుకున్నది అతనే. ఉరి జరిగితే వచ్చే నెల నగర రక్షణాధికారి కుర్చీ అతనిదే. కచేరీకి తీసుకెళ్ళాల్సిన సాక్ష్యాల సంచీ భుజానికి వేసుకునే వచ్చాడు.

“ఇంకా పాకుతున్నాను దళపతిగారూ. ఆ కోటు ఒకసారి ఇస్తారా?”

“చూసింది చాల్లేదా?”

“చూశాను. మడతపెట్టలేదు.”

ఉరుము మొహం చిట్లించి సంచీలోంచి కోటు లాగి బల్ల మీద పడేశాడు. నత్త దాన్ని పరిచాడు. మోచేతి దగ్గర ఒక మరక, అంచు దగ్గర ఒకటి, వెన్ను మీద ఒకటి, ఎక్కడివక్కడ చెల్లాచెదురుగా ఉన్నాయి. గుడ్డ మీద పాత మడతల గీతలు ఇంకా పోలేదు. ఆ గీతల వెంబడే చేతులు లోపలికి మడిచి, మధ్యకు మడిచి, మళ్ళీ అడ్డంగా మడిచాడు. మూడు మరకలూ ఒకదానికొకటి అతుక్కుని ఒకే మరకయ్యాయి. అరచేయంత మరక.

“నెత్తురు అంటినప్పుడు ఈ కోటు మడతపెట్టి ఉంది. మడతపెట్టిన కోటులో మనిషి ఉండడు కదండీ.”

“పొడిచాక విప్పి మడతపెట్టి ఉంటాడు.”

“పొడిస్తే గుడ్డకు చిల్లుండాలి.”

“తల పగలగొట్టాడు.”

“మరక మెడపట్టీ మీద ఉండాలి. ఇది మోచేతి దగ్గరుంది.”

“గొంతు నులిమాడయ్యా.”

“అప్పుడు అసలు నెత్తురే ఉండదు.”

ఉరుము కాసేపు ఊపిరి మాత్రమే తీశాడు. అది కూడా వీధిలోకి వినబడే ఉంటుంది.

“చీకట్లో మూట పట్టుకుని వెళుతూ ఆ అబ్బాయి జారి పడ్డాడు. ఏటి రాయికి చెయ్యి తెగింది. ఆ చేత్తోనే కోటు తీసి ఒడ్డున పెట్టాడు. అంతకు మించి ఏం లేదు” అన్నాడు నత్త. “బూట్లలో ఏముందో చూశారా?”

“ఉన్ని కుక్కి ఉంది. ముసలాయన, చలికి పెట్టుకున్నాడు.”

“చలికైతే పాదమంతా పెట్టుకుంటారు. ఇది వేళ్ళ దగ్గరే ఉంది. కాలు చిన్నదైనప్పుడు బూటు జారకుండా అలా పెడతారు.”

“ఆయన బూటు ఆయన కాలికి పెద్దదవుతుందా? మతి ఉండే మాట్లాడుతున్నారా?” ఉరుము కోటును మళ్ళీ సంచీలో కుక్కాడు. “శవం ఏట్లో కొట్టుకుపోయింది. మీరిక్కడ ఉన్నిపోగులు లెక్కపెట్టుకుంటూ ఉండండి, పన్నెండుకు అక్కడ ముద్ర పడుతుంది. నేను గుమ్మంలోనే ఉంటాను. ఆ ఇల్లాలు గడప దాటడానికి వీల్లేదు, తమ్ముడికి సాయం చేసిందేమోనని నా అనుమానం. దాని సంగతి రేపు చూస్తాను.”

అతను బయటికి వెళ్ళి మెట్టు మీద కూర్చున్నాడు. మెట్టు మూలిగింది.

పదిన్నర. నత్త కిటికీ తెరిచి తల బయటపెట్టాడు. వీధి ఎంత ఇరుకంటే అవతల నూనెకొట్టులో కూర్చున్న పిన్నితో గొంతు పెంచకుండా మాట్లాడొచ్చు. ఆవిడ ఎవరికీ సొంత పిన్ని కాదు, అందుకని అందరికీ పిన్నే.

“పిన్నీ, మేస్త్రిగారు పనిలో కూర్చునే వేళలు నీకు తెలుసా?”

“తెలియకపోవడమేంటి? ఎనిమిదికి కిటికీ తెరుస్తాడు, పన్నెండుకు మూస్తాడు. మళ్ళీ రెండు నించి ఆరు. గడియారమైనా తప్పుతుందేమో గానీ ఆయన తప్పడు. నేను కొట్టు తెరిచేది ఆ కిటికీ చూసే.” సీసాలోకి నూనె వంపుతూనే చెప్పింది పిన్ని. పాపం, మంచాయన, అని కళ్ళొత్తుకోవడం కూడా మరిచిపోలేదు.

“మరి మేస్త్రమ్మ?”

“ఆవిడ పన్నెండు దాటాక నీళ్ళకొస్తుంది. ఆరు దాటాక నా దగ్గర నూనెకొస్తుంది. ఆయన పనిలో ఉంటే ఆవిడ గడప దాటదు. నువ్వు పిలిచినా పలకదు. మొగుడి పనికి అంత విలువిచ్చే ఆడదాన్ని నేనింకెక్కడా చూళ్ళేదు. మా ఇంటాయన బతికున్నప్పుడు నేనివ్వలేదు, అది వేరే సంగతి.”

“అన్యోన్యమైన జంటన్నమాట.”

“అన్యోన్యమంటే వాళ్ళదే. ఒక్కరోజు పోట్లాట వినలేదు.”

“ఆయనకు గొంతు లేదు కదా పిన్నీ.”

“ఆవిడకుందిగా. మొగుడికి గొంతు లేకపోతే పెళ్ళాం రెండు గొంతులతో అరుస్తుంది. ఈవిడకు అదీ లేదు.”

నత్త నవ్వాడు. తరవాత మెల్లగా అడిగాడు. “ఈ పదేళ్ళలో ఇద్దర్నీ ఒక్కచోట ఎప్పుడు చూశావు?”

“అదేం ప్రశ్న? రోజూ...” పిన్ని ఆగింది. “మొన్న...” మళ్ళీ ఆగింది. “పోయినేడు మా మనవరాలి పెళ్ళి ఒప్పందానికి... లేదు, అప్పుడు ఆవిడొక్కతే వచ్చింది. మా ఇంటాయన పోయినప్పుడు... అప్పుడు ఆయన కిటికీలో నించుని తల వంచాడు. ఆవిడ... ఆవిడ తరవాతొచ్చింది.”

సీసా నిండి నూనె బల్ల మీదికి పొర్లింది. బల్ల మీంచి పిన్ని ఒళ్ళోకి కారింది. పిన్ని చూసుకోలేదు. నోరు తెరిచి ఆ కిటికీ వైపే, నత్త మొహం చుట్టూ ఉన్న ఆ చదరం వైపే చూస్తోంది. పదకొండేళ్ళ పాటు ప్రతి పొద్దునా తను పలకరింపుగా తలూపిన చదరం అది.

అనుమానం వేరు, ఒక వీధి వీధంతా చూసీ చూడలేదని తెలియడం వేరు. నత్త కిటికీ మూశాడు.

“అమ్మా, ఒక్కసారి ఇలా వస్తారా?”

ఆవిడ చేతులు తుడుచుకుంటూ వచ్చింది. యాభై దాటుతున్న, బక్కపలచని మనిషి. ఎక్కడ నించున్నా గోడలో కలిసిపోతుంది. నత్త చిన్నపీట మీద కూర్చుని పెద్దపీట చూపించాడు.

“అక్కడ కూర్చోండి.”

“అది ఆయన పీట.”

“తెలుసు. కూర్చోండి.”

వంటింటి కిటికీ వైపు, వీధి తలుపు వైపు చూసింది. తలుపు అవతల ఉరుము ఎవర్నో కసురుతున్నాడు. ఆవిడ కూర్చుంది.

కూర్చోగానే నడుము నిటారైంది, భుజాలు విప్పారాయి. నత్త ఎదురుగా ఉన్న మనిషి కళ్ళ ముందే రెండంగుళాలు పెరిగింది. చెయ్యి, ఎవరూ చెప్పకుండానే, పదహారు ఉలుల వరసలోకి వెళ్ళి ఐదోదాన్ని తీసుకుంది. చూసుకుని తీసుకోలేదు. మన నోటికి మన చెయ్యి దారి వెతుక్కోదు కదా, అలా.

ఎడమచెయ్యి.

నత్త ఇరవై రెండేళ్ళలో దొంగ గుడ్డివాళ్ళను, పెట్టుడు గడ్డాలను, పక్షవాతం నటించి మూడంతస్తులెక్కిన మనిషిని చూశాడు. వాళ్ళందరూ లేనిదాన్ని ఉన్నట్టు చూపించినవాళ్ళు. ఈవిడ ఉన్నదాన్ని లేనట్టు చేసింది.

జేబులోంచి మూడు కాగితాలు తీసి బల్ల మీద పరిచాడు. రెండింటి మీద లక్క ముద్రలున్నాయి. మూడోదాని మీద రాతి మీద కాగితం పెట్టి బొగ్గుతో రుద్ది తీసిన అచ్చు.

“ఇది పదిహేనేళ్ళ కిందటిది. గాటుకు ఎడమగోడ నిలువుగా ఉంది, కుడిగోడ వాలుగా ఉంది. ఇది నాలుగేళ్ళ కిందటిది. వాలు ఎడమవైపుకు మారింది. ఒకే మేస్త్రి, ఒకే పనితనం, చెయ్యి మారింది. ఈ మూడోది ఎక్కడిదో మీకు తెలుసు. మీ తమ్ముడు మూడు రోజుల్లో ఒకే ఒక్క మాటన్నాడు. ‘నన్ను దిక్కులేని బాటసారి పక్కన పూడ్చండి’ అని. నిన్న వెళ్ళి చూశాను. పదకొండేళ్ళ కిందట, పేరు లేని బాటసారి అని దస్తరంలో రాసిన సమాధి. దిక్కులేనివాడి నెత్తిన అరచేయంత రాయి, దాని చుట్టూ తీగ. ఆ తీగలో ఒక్కో ఆకుకూ ఈనెలున్నాయమ్మా. నేను మోకాళ్ళ మీద కూర్చుని గంటసేపు చూశాను.”

ఆవిడ ఆ అచ్చు మీద వేలుపెట్టింది. “మూడో ఆకు తప్పుగా వచ్చింది. అప్పటికి నాకు రాళ్ళు కొత్త.”

ఆ తరవాత నెమ్మదిగా, నూతిలోంచి చేద లాగినట్టు చెప్పింది.

“పెళ్ళయిన కొత్తలోనే ఆయనకు చూపు మందగించింది. దీపం ముందు నీళ్ళు నింపిన గాజుబుడ్డి పెడితే వెలుగంతా ఒక్క చుక్కయి రాయి మీద పడుతుంది. ఆ బుడ్డి కదలకుండా ఎవరో ఒకరు పట్టుకోవాలి. పద్నాలుగేళ్ళు నేనే పట్టుకున్నాను. మీరు కూర్చున్నారే, ఆ పీట మీదే. చేతులకు పని ఉండేది, కళ్ళకు ఉండేది కాదు. అందుకని ఆయన చేతినే చూసేదాన్ని. ఎదురుగా కూర్చుంటే ఆయన కుడిచెయ్యి నాకు ఎడమవైపే కదండీ. చూసి చూసి నా ఎడమచెయ్యే నేర్చుకుంది. ఎడమచేత్తో పెన్సిలు కూడా సరిగ్గా పట్టలేను నేను, ఇదొక్కటీ మాత్రం అలా వచ్చింది.”

“ఆయనకు తెలుసా?”

“గొంతు జబ్బుతో పడుకున్నాక ఒక వీలునామా ముద్ర సగంలో ఆగిపోయింది. రాత్రికి రాత్రి నేను పూర్తి చేశాను. పొద్దున చూసి, చాలాసేపు చూసి, తన కళ్ళద్దాలు తీసి నా మొహానికి పెట్టారు. మాటలేదు కదా. అంతే చెప్పారు.” ఆవిడ ఉలిని వరసలో పెట్టేసింది. “ఆయన పోయిన పొద్దున కిటికీ సందులో మూడు చీటీలున్నాయి. సంఘం కట్టుబాటు మీకు తెలుసు. మేస్త్రి పోతే పనిముట్లు సంఘానివి, ఇల్లు సంఘానిది. ఆడచెయ్యి చెక్కింది దొంగముద్ర, దొంగముద్ర చెక్కిన చెయ్యి నరకాలి. నేను అవేం ఆలోచించలేదు. చీటీలున్నాయి కదాని కోటు తొడుక్కుని కూర్చున్నాను. ఒక్కరోజే అనుకున్నాను. ఆయన్ని మాత్రం తమ్ముడు ఎవరో బాటసారని రాయించి పూడ్చాడు.”

“మరి ఈ తాఖీదు వచ్చింది.”

“మొహం చూపించమన్నారు. అందుకని మేస్త్రి స్నానానికి దిగి ఏట్లో పోవాలనుకున్నాం. తమ్ముడు వద్దని అరిచాడు. పని మానితే బతకలేవక్కా అన్నాడు. చివరికి వాడే తీసుకెళ్ళాడు. నెత్తురంటిందని చీకట్లో చూసుకోలేదు. వాణ్ణి తీసుకుపోతుంటే వెనక్కి తిరిగి పెదాల మీద వేలుపెట్టాడు. వాడికి నా చెయ్యి ముఖ్యం. శవం దొరక్కుండా ఎవర్నీ ఉరి తియ్యరులే అనుకున్నాను.”

ఒక్క అబద్ధం కూడా ఆడలేదు ఈవిడ. నత్త మనసులో మూడు రోజుల జవాబులూ తిరగేసుకున్నాడు. ‘ఆరింటికి కిటికీ మూసేదాకా.’ ‘అక్కడే ఉన్నాను.’ ‘ఆయనతో గొడవేం లేదు.’ అన్నీ అక్షరాలా నిజాలు.

గడియారం పదకొండున్నర కొట్టింది.

“అమ్మా, న్యాయాధికారి రాజముద్ర అరిగిపోయిందని తొమ్మిదేళ్ళ కిందట కొత్తది చేయించారు. గుర్తుందా?”

“త్రాసు బొమ్మ. పళ్ళేలకు గొలుసులు. ఒక్కో గొలుసులో ఇరవై లంకెలు. నలభై రోజులు పట్టింది.”

చెప్పిన తరవాత ఆవిడకు అర్థమైంది. చెయ్యి బల్ల అంచును పట్టుకుంది.

“మీ తమ్ముడి ఉరి మీద పడబోయేది ఆ ముద్రే” అన్నాడు నత్త. “ఆడచెయ్యి ముద్ర చెల్లదంటే ఆ ఉరి చెల్లదు. ఉరొక్కటే కాదు, తొమ్మిదేళ్ళుగా ఈ ఊళ్ళో ఇచ్చిన ఏ తీర్పూ చెల్లదు. పదకొండేళ్ళ పెళ్ళిళ్ళు పెళ్ళిళ్ళు కావు, ఎవరి ఇల్లూ వాళ్ళది కాదు. చెల్లుతుందంటే అది దొంగముద్ర కాదు, మీ చెయ్యి దొంగచెయ్యి కాదు. న్యాయాధికారి ఈ రెండింట్లో ఒకటే ఒప్పుకోగలడు.”

“మూడోది ఉండదా అయ్యా?”

నత్త తలుపు వైపు చూశాడు. ఆవిడ తనకంటే ముందే ఆ చోటికి చేరుకుంది. “ఉంది. ఈ మాట కచేరీ గుమ్మం దాటకుండా చూడటం. మీ తమ్ముడు ఉరికంబమెక్కితే తెలిసినవాళ్ళు ఇద్దరమే. ఇద్దరి నోళ్ళు మూయించడానికి బయట మెట్టు మీద కూర్చున్నతను చాలు. గది తలుపు మూసి చెప్పే నిజానికి బతుకు లేదమ్మా. వీధి చూడాలి. కానీ అతను మిమ్మల్ని గడప దాటనివ్వడు.”

ఆవిడ లేచింది. వంటింట్లోకి వెళ్ళిందేమోననుకున్నాడు. పక్కగదిలో కొక్కెం చప్పుడైంది. పెట్టె మూత చప్పుడైంది. తరవాత బూట్ల చప్పుడు, కొంచెం ఈడ్చినట్టు నడిచే ముసలి మగవాడి నడక.

గుమ్మంలో మేస్త్రి నిలబడ్డాడు.

రెండో కోటు, టోపీ, లావాటి కళ్ళద్దాలు, ముక్కుదాకా ఉన్నిగుడ్డ. అంతా తెలిసిన నత్త కూడా, పీట మీంచి లేచి నిలబడ్డాడు. పెద్దమనిషి గదిలోకి వస్తే లేచినట్టు లేచాడు. ఆ సంగతి అతనికి తరవాత గానీ తెలియలేదు.

మేస్త్రి బల్ల దగ్గరికొచ్చి ఐదో ఉలి తీసి కోటు జేబులో వేసుకుని వీధి తలుపు తెరిచాడు.

ఉరుము విసుగ్గా వెనక్కి తిరిగాడు. తిరిగినవాడు తిరిగినట్టే ఆగిపోయాడు. ఊరంతటికీ వినబడే ఆ గొంతు మొదటిసారి ఎవరికీ వినబడలేదు. మెట్టు మీంచి లేచి, ఒక పక్కకు జరిగి, టోపీ తీసి నడుము వంచాడు.

“మేస్త్రిగారూ... తమరు... మేమంతా తమరు...”

అవతల నూనెకొట్టులో పిన్ని లేచి నిలబడింది. పక్క దుకాణం వాళ్ళు, నీళ్ళకు పోయేవాళ్ళు, కిటికీల్లో మొహాలు.

మేస్త్రి మెట్టు మీద ఆగాడు. ముందు టోపీ తీశాడు. నెరిసిన పొడుగాటి జడ వీపు మీదికి జారింది. ఉన్నిగుడ్డ ఒక్కో చుట్టూ విప్పింది ఆవిడ. చివర కళ్ళద్దాలు తీసి, నడుము వంచిన ఉరుము అరచేతిలో పెట్టింది. అతను వాటిని పట్టుకుని అలాగే వంగి ఉండిపోయాడు. లేవడమెలాగో మరిచిపోయినట్టున్నాడు.

“అమ్మా, కచేరీలో మొదట ఏం చెప్పాలంటే...” అంటూ నత్త వెనక నించి ఏదో అనబోయాడు.

ఆవిడ వినిపించుకోలేదు. ఆ కోటులో ఉండగా పదకొండేళ్ళుగా ఒక్క మాట మాట్లాడి ఎరగదు. జేబులోంచి ఉలి తీసి ఎడమచేత్తో పట్టుకుని, బూట్లు మెట్టు మీదే విడిచి, వీధి మధ్యలోంచి కచేరీ వైపు నడిచి వెళ్ళిపోయింది.